రెండు ఫైళ్లూ మీ బల్ల మీదే

గౌరవనీయులు, రోడ్లు భవనాలు, సినిమాటోగ్రఫీ శాఖల మంత్రి కోమటిరెడ్డి వెంకట్‌రెడ్డి గారికి,



2023 డిసెంబర్‌లో శాఖలు పంచినప్పుడు రోడ్లకూ సినిమాలకూ ఏం సంబంధమని మా చౌటుప్పల్‌లో చాలామంది నవ్వారు. వాళ్లలో నేనూ ఉన్నాను. ఇప్పుడు మాత్రం ఈ రెండు శాఖలూ ఒక్కరి దగ్గర ఉండటమే సబబనిపిస్తోంది. విజయవాడ రహదారి పక్కన కాపురముండేవాళ్లకు ఆ సంబంధం రోజూ కనిపిస్తుంది. సచివాలయంలో కూర్చుంటే కనిపిస్తుందో లేదోనని ఈ ఉత్తరం.

మా చిన్నాయన కొడుక్కి వలిగొండ చౌరస్తా అవతల బైకుల మెకానిక్ షెడ్డు ఉంది. పంతులుగా రిటైరైనప్పటి నుంచి సాయంత్రాలు నాకు అక్కడే కాలక్షేపం. మొన్నొక పిల్లగాడు కొత్త బండి తెచ్చాడు. ఇంటర్ చదువుతున్నట్టున్నాడు, మీసం ఇంకా సరిగా రాలేదు. వాళ్ల నాయన ఫైనాన్స్‌లో కొనిచ్చిన బండట. దిగీ దిగగానే "అన్నా, అద్దాలు తీసెయ్" అన్నాడు. ఎందుకురా అంటే "లుక్కు కరాబైతుంది" అన్నాడు. సైలెన్సర్ మార్చాలి, వెనక మడ్‌గార్డ్ కోసెయ్యాలి, నంబర్ ప్లేటు పైకి వంచాలి. ట్యాంకు మీద హీరో బొమ్మ అప్పటికే అతికించుకొచ్చాడు. అద్దాలు తీస్తే వెనక వచ్చే లారీ ఎట్లా కనిపిస్తదిరా అని నేనడిగాను. "హారన్ కొడ్తడు గద సార్" అన్నాడు, అనుమానమే లేకుండా.

మావాడు అట్లా తీసిన అద్దాలన్నీ ఒక గోనెసంచిలో వేస్తాడు. "తీయమనెటోడు రోజుకొకడు వస్తడే గని, పెట్టమని వచ్చినోడు ఇంతవరకు లేడన్నా" అంటాడు. ఆ బండ్లలో కొన్ని ఇంకో రకంగా తిరిగొస్తాయి. ఫోర్క్ వంగి, రిమ్ ఎనిమిదంకె తిరిగి, ట్యాంకు మీద మోకాలు తగిలిన చోట గుంట పడి, ఆటో ట్రాలీలో పడుకుని వస్తాయి. అట్లాంటి బండిని ముందు నీళ్లు కొట్టి కడగనిదే మావాడు పానా పట్టడు.

ఈ పాపం సినిమాలదేనని తేల్చేసే మనిషిని కాను. నేనూ సినిమా పిచ్చివాణ్నే. 2003లో వచ్చిన 'పలనాటి బ్రహ్మనాయుడు'లో బాలకృష్ణ తొడ కొడితే రైలు వెనక్కి పోతుంది. జనం చప్పట్లు కొట్టారు, ఎగతాళీ చేశారు, ఇప్పటికీ ఫోన్లలో పంపుకుంటూ నవ్వుకుంటున్నారు. అది చూసి ఎవడూ పట్టాల మీదకు పోయి తొడ కొట్టలేదు. సుమోలు గాల్లోకి లేచినా, ఒక్క దెబ్బకు ఇరవై మంది ఎగిరిపడ్డా అంతే. అంత పెద్ద అబద్ధంతో ఎవరికీ పేచీ లేదు. అది అబద్ధమని అందరికీ తెలుసు.

పేచీ మన కొలతకు సరిపోయే అబద్ధంతోనే. హీరో హెల్మెట్ లేకుండా బండెక్కుతాడు. ఆ బండి మా షెడ్డు ముందు నిలబెట్టిన బండే. ఆ రోడ్డు మా రోడ్డు లాంటిదే. రెండు లారీల సందులోంచి దూరిపోతాడు, వెనక కూర్చున్న పిల్ల నవ్వుతుంది, పాట మొదలవుతుంది. ఇందులో చేయలేని పని ఒక్కటీ లేదనిపిస్తుంది కుర్రవాడికి.

ఆ సీను ఎట్లా తీస్తారో మీకు చెప్పనక్కర్లేదు, మీ శాఖే. రోడ్డు మూసేస్తారు. ఎదురొచ్చే లారీ డ్రైవరుకు ఎప్పుడు పక్కకు తిప్పాలో ముందే చెప్పి ఉంచుతారు. కష్టమైన ముక్క డూప్ చేస్తాడు. హీరో ముఖం దగ్గరగా చూపించాల్సినప్పుడు బండిని ట్రైలర్ మీద కట్టి లాగుతారు. తాళ్లను కంప్యూటర్లో చెరిపేస్తారు. ఇన్ని జాగ్రత్తలున్నా ప్రాణాలు పోతూనే ఉన్నాయి. 2025 జూలై 13న తమిళనాడులోని నాగపట్నం జిల్లాలో పా. రంజిత్ సినిమా కోసం కారు పల్టీ తీస్తూ స్టంట్ మాస్టర్ రాజు చనిపోయారు. ఆయన ఏళ్ల తరబడి అదే పని చేసినవాడు.

ఇక మా రోడ్డు సంగతి. గంటకు 100 కిలోమీటర్ల వేగమంటే సెకనుకు దాదాపు 28 మీటర్లు. కన్ను చూసి, కాలు బ్రేకు మీదకు వెళ్లే లోపే ఒక సెకను పోతుంది. బ్రేకు పట్టాక కారు పూర్తిగా ఆగడానికి, పొడి రోడ్డు మీదైనా, ఇంకో 50, 60 మీటర్లు కావాలి. అంగడి రోజు చేతిలో సంచీతో డివైడర్ సందులోంచి దాటే ముసలమ్మకు ఈ లెక్క తెలియదు. కంపెనీ షిఫ్టు దిగి ఇంటికి పోతూ యూటర్న్ దూరమని ఎదురుదారిలో వచ్చే టీవీఎస్ మనిషికి తెలిసినా చేయగలిగింది లేదు. లైట్ల్లేకుండా ఆగిపోయిన ఇసుక లారీ ఉంటుంది. సినిమా రోడ్డు మీద వీళ్లెవరూ ఉండరు. హీరో వేగంగా పోవడం కంటే నాకు పెద్ద అబద్ధంగా తోచేది ఇదే. ఆ రోడ్డు అతని ఒక్కడి కోసం వేసినట్టుంటుంది, బతకడం చావడం అతని చేతి నైపుణ్యం మీదే ఆధారపడినట్టుంటుంది.

నైపుణ్యం మాట వచ్చింది కాబట్టి మన జిల్లాలో జరిగిందే గుర్తు చేస్తాను. నందమూరి హరికృష్ణ కంటే చేయి తిరిగిన డ్రైవర్ సినిమావాళ్లలో ఎవరున్నారు? 1982లో తండ్రి ఊరూరా తిరుగుతుంటే ఆ ప్రచార వాహనం, చైతన్య రథాన్ని నడిపింది హరికృష్ణే. దుమ్ము, గుంతలు, జనసముద్రం, రాత్రీ పగలూ అన్నీ దాటి రాష్ట్రమంతా తిప్పిన చేయి అది. 2018 ఆగస్టు 29 తెల్లవారుజామున ఒక అభిమాని ఇంటి పెళ్లికి కావలి వెళ్తూ, నార్కట్‌పల్లి దాటి అద్దంకి రోడ్డెక్కి, నల్లగొండ దగ్గర అన్నెపర్తి వద్ద కారు అదుపు తప్పింది. స్టీరింగ్ పట్టింది ఆయనే. సీటు బెల్టు లేదు. నార్కట్‌పల్లి కామినేని ఆసుపత్రికి తీసుకెళ్లినా దక్కలేదు. అంతకు నాలుగేళ్ల ముందు, 2014 డిసెంబర్ 6న, ఆయన పెద్దకొడుకు జానకిరామ్ కారు మునగాల మండలం ఆకుపాముల వద్ద ట్రాక్టర్‌ను ఢీకొంది. 2009 మార్చిలో ఖమ్మం వైపు ఎన్నికల ప్రచారం చేసి వస్తూ సూర్యాపేట ప్రాంతంలోనే జూనియర్ ఎన్టీఆర్ కారు ప్రమాదంలో పడి, గాయాలతో బయటపడ్డారు. ఒక్క సినిమా కుటుంబం, ముగ్గురు మనుషులు, మూడూ పాత నల్లగొండ జిల్లా రోడ్లే. ఎన్టీఆర్ సినిమా వేడుకల్లో మైకు పట్టుకున్నప్పుడల్లా జాగ్రత్తగా ఇళ్లకు వెళ్లండని అభిమానుల్ని బతిమాలుతారు. అభినయం కాదని వినేవాడికి తెలుస్తూనే ఉంటుంది. మరి ఆ మాట విని బయటికొచ్చిన కుర్రాళ్లే బండికి ముగ్గురెక్కి, జెండా పట్టుకుని, అరుచుకుంటూ పోతారు. మైకులో చెప్పిన మాటకంటే తెర మీద చూసింది వాళ్లలో గట్టిగా దిగుతుంది.

2011లో ఔటర్ రింగ్‌రోడ్డు ప్రమాదం మీ ఇంటికి ఏం చేసిందో ఈ జిల్లాలో తెలియనివాళ్లు లేరు. దాన్ని ఇక్కడ వాదనకు వాడుకోను. మీకు వివరించి చెప్పక్కర్లేదన్న ధైర్యంతో రాస్తున్నానని మాత్రం చెప్పుకుంటాను.

అంతా డ్రైవర్ చేతిలోనే ఉందని సినిమా చెప్పే అబద్ధాన్నే మన ప్రభుత్వ కాగితాలు కూడా చెబుతాయి, మంత్రి గారూ. ప్రమాదం జరిగితే కారణం అన్న గడిలో ఏం రాస్తారు? అతివేగం, నిర్లక్ష్యం. 2022లో దేశంలో రోడ్ల మీద 1,68,491 మంది చనిపోతే అందులో నూటికి 70కి పైగా మరణాలు కేంద్ర రవాణా శాఖ నివేదికలో అతివేగం ఖాతాలోనే పడ్డాయి. వేగం చంపదని నేననడం లేదు. కానీ వేగంగా వచ్చిన బండి ముందు మనిషి ఎందుకున్నాడు, డివైడర్ అక్కడే ఎందుకు తెగి ఉంది, అండర్‌పాస్ ఎందుకు లేదు, లైటు ఎందుకు వెలగలేదు అన్నవాటికి ఆ కారణం గడిలో చోటు దొరకదు. సినిమాలో డ్రైవర్ హీరో అవుతాడు, ఎఫ్ఐఆర్‌లో విలన్ అవుతాడు. రెండు చోట్లా రోడ్డు మాత్రం తప్పించుకుంటుంది.

2021 సెప్టెంబర్ 10న హైదరాబాద్ కేబుల్ బ్రిడ్జి దగ్గర సాయిధరమ్ తేజ్ బైకు జారినప్పుడు జరిగింది ఇదే. రోడ్డు మీద ఇసుక, మట్టి పేరుకుని ఉన్నాయి. కేసు మాత్రం ఆయన మీద. హెల్మెట్ ఉండబట్టి ప్రాణం దక్కింది. చాలా రోజులు స్పృహలో లేరు, కోలుకుని 2023లో 'విరూపాక్ష'తో మళ్లీ తెర మీదకొచ్చారు. మాట కుదురుకోవడానికి పడిన పాట్లు ఆయనే చెప్పుకున్నారు. అప్పటి నుంచి వేదిక ఎక్కినప్పుడల్లా హెల్మెట్ పెట్టుకోండి అంటారు.

2025 జనవరి 4న రాజమహేంద్రవరంలో 'గేమ్ ఛేంజర్' వేడుకైంది. అది చూసి బైకు మీద తిరిగి వెళ్తూ కాకినాడ ప్రాంతం కుర్రాళ్లు ఇద్దరు ఏడీబీ రోడ్డు మీద చనిపోయారు. వేడుకకు ముఖ్య అతిథిగా వచ్చిన పవన్ కల్యాణ్ అక్కడ ఉప ముఖ్యమంత్రి కూడా. ఆ రోడ్డును గత ప్రభుత్వం గాలికొదిలేసిందని ఆయనన్నారు. తప్పు వేడుకదేనని అవతలి పక్షం అంది. వారం రోజులు టీవీల్లో అదే గొడవ. రోడ్డూ వేడుకా రెండూ కలిస్తేనే ఆ ఇద్దరూ పోయారన్న మాట ఎవరి నోటా రాలేదు. అంతకు నెల ముందే, 2024 డిసెంబర్ 4 రాత్రి, 'పుష్ప 2' ప్రీమియర్‌కు సంధ్య థియేటర్ దగ్గర తొక్కిసలాటలో ఒక తల్లి ప్రాణం పోయింది, ఆమె కొడుకు నెలల తరబడి ఆసుపత్రిలో ఉన్నాడు. ఆ విషయంలో మీరేం చేశారో, అసెంబ్లీలో ప్రభుత్వం ఏం చెప్పిందో అందరం చూశాం కాబట్టి దాన్ని వదిలేస్తున్నాను.

సినిమాలో కట్ అనగానే ఆగేది రోడ్డు మీద అప్పుడే మొదలవుతుంది. మా మండలంలో ఒకాయన, ఫార్మా కంపెనీలో కాంట్రాక్టు పని, షిఫ్టు దిగి వస్తుంటే ఒక కుర్రవాడు బండితో వచ్చి గుద్దాడు. తప్పెవరిదన్నది ఇప్పటికీ తేలలేదు. కుర్రవాడికి కాలు విరిగింది. ఈయనకు తలలో రక్తం గడ్డకట్టింది. మెదడు వాపు తగ్గేదాకా పుర్రెలో ఒక ముక్క తీసి, పొట్ట చర్మం కింద దాచిపెట్టారు డాక్టర్లు. నెలల తర్వాత మళ్లీ తీసి పెడతారట. అందాకా ఆ పక్క తలకు ఎముక లేదు, చర్మం మాత్రమే. ఒకరోజు ఆయన భార్య మా షెడ్డుకు వచ్చి, తేలికైన హెల్మెట్ ఏదన్నా ఉందా అని అడిగింది. బండికేమో అనుకుని మావాడు నాలుగు చూపించాడు. బండికి కాదంది. ఆయన మంచం దిగి బాత్రూముకు నడిచేటప్పుడు తూలుతున్నాడట, గోడకు తల తగిలితే ప్రమాదమన్నారట డాక్టరు. మావాడు డబ్బులు తీసుకోలేదు. ఆరోగ్యశ్రీ ఆపరేషన్‌కు పనికొచ్చింది. ఆ తర్వాత ఆమె ఆయన్ను కనిపెట్టుకుని ఇంట్లోనే ఉండిపోయిన రోజుల కూలికి ఏ కార్డూ లేదు.

గుద్దిన పిల్లగాడి ఇంటి సంగతీ చెప్పాలి. వాడికి పద్దెనిమిది నిండలేదు. 2019లో సవరించిన మోటారు వాహనాల చట్టంలో 199ఏ సెక్షన్ అని ఒకటుంది. మైనరు బండి నడిపి నేరం జరిగితే తండ్రికో బండి యజమానికో మూడేళ్ల దాకా జైలు, 25,000 రూపాయల జరిమానా, బండి రిజిస్ట్రేషన్ ఏడాది పాటు రద్దు. లైసెన్సు లేని చేతిలో బండి ఉంది కాబట్టి, బీమా కంపెనీ బాధితుడికి కట్టాల్సి వచ్చినా ఆ సొమ్ము తిరిగి యజమాని దగ్గరే రాబట్టుకోవచ్చు. ఆ తండ్రి రోజూ పొద్దున పాలు పోసే మనిషి. ఈ సెక్షన్ పేరు ఆయన మొదటిసారి విన్నది పోలీస్ స్టేషన్లో.

రహదారి జాతీయ రహదారుల సంస్థది, సెన్సార్ బోర్డు కేంద్రానిది, నా చేతిలో ఏముందని మీరనవచ్చు. నిజమే. ఈ రహదారిని ఆరు వరుసలు చేయించడం కోసం మీరు కేంద్ర మంత్రి గడ్కరీ గారి చుట్టూ ఎన్నిసార్లు తిరిగారో పేపర్లలో చదువుతూనే ఉన్నాం. ఈ దారిలో పదేపదే ప్రమాదాలు జరిగే చోట్లుగా గుర్తించిన 17 బ్లాక్‌స్పాట్లలో మా చౌటుప్పల్ ఉంది, పెద్దకాపర్తి, చిట్యాల ఉన్నాయి, ఇందాక చెప్పిన ఆకుపాముల కూడా ఉంది. 2025 జూలై 26 తెల్లవారుజామున మా మండలంలోని ఖైతాపురం దగ్గర ఆంధ్రప్రదేశ్ పోలీసు డీఎస్పీలు ఇద్దరు పోయారు. వాళ్ల కారు డివైడర్‌ను కొట్టి అవతలి దారిలో పడింది, ఎదురొచ్చిన లారీ గుద్దింది. రెండు దారుల మధ్య గట్టి అడ్డుగోడ ఉంటే ఏమయ్యేదోనని మా ఊరివాళ్లు చాలా రోజులు మాట్లాడుకున్నారు. అయినా రాష్ట్రం చేతిలోనే ఉన్నవి కొన్ని ఉన్నాయి, నేనడిగేవి అవే.

మొదటిది, పెద్ద సినిమాకు టికెట్ ధర పెంచాలంటే మీ ప్రభుత్వం అనుమతి కావాలి. ఆ అనుమతి అడిగేవాళ్లు డ్రగ్స్ మీద, సైబర్ నేరాల మీద తమ నటులతో అవగాహన వీడియో చేయించి ఇవ్వాలని 2024 జూలైలో ముఖ్యమంత్రి రేవంత్ రెడ్డి గారు షరతు పెట్టారు. మంచి షరతే. అందులో రోడ్డు ఎందుకు లేదు? రోడ్లనూ సినిమాలనూ చూసే మంత్రి ఒక్కరే ఉండి కూడా ఎందుకు లేదు?

వీడియో ఎట్లా ఉండాలో కూడా చెబుతాను, పంతులు బుద్ధి పోదు కదా. పొగాకు హెచ్చరికలా ఉండొద్దు. 2012 నుంచి పొగతాగే సీన్లున్న సినిమాలకు ముందూ విరామం తర్వాతా దాన్ని వేస్తున్నారు. జనం దాన్ని జోకు చేసుకున్నారు. అందులోని మొదటి మాటే 2018లో ఒక కామెడీ సినిమాకు పేరైంది, ఆ సినిమా నాకూ నచ్చింది. హీరో వచ్చి హెల్మెట్ పెట్టుకోండి అని వేలు చూపించి చెబితే ఇదీ అంతే అవుతుంది. అదే సినిమాలోని ఛేజ్ ఎట్లా తీశారో చూపించమనండి. మూసిన రోడ్డు, ట్రైలర్ మీద కట్టిన బండి, డూప్ వేసుకున్న ప్యాడ్లు, పక్కన ఆగి ఉన్న అంబులెన్స్, అన్నీ. కుర్రాళ్లు నోరు తెరుచుకుని చూస్తారు, ఎందుకంటే అది వాళ్లకు ఇష్టమైన విషయం. ఆ వెంటనే ఆ థియేటర్‌కు దగ్గరున్న బ్లాక్‌స్పాట్ ఒకటి చూపించాలి. మా దగ్గరైతే వలిగొండ చౌరస్తా, సూర్యాపేటలో అయితే జనగాం చౌరస్తా. చూసేవాడు ఇంటికి పోవాల్సింది ఆ చౌరస్తా మీదుగానే.

రెండోది, అర్ధరాత్రి షోలకూ పెద్ద వేడుకలకూ అనుమతి ఇచ్చే కాగితంలో లోపలి బందోబస్తు ఒక్కటే ఉంటే చాలదు. బయటి దారి మాటేమిటి? ఎన్ని ఆర్టీసీ బస్సులు వేస్తారు, తిరుగుదారిలో ఎక్కడెక్కడ పోలీసులుంటారు అన్నది కూడా నిర్మాతే రాసివ్వాలి, ఆ ఖర్చు నిర్మాతే పెట్టుకోవాలి. కోట్ల కోట్ల వసూళ్ల పోస్టర్లు వేసుకునేవాళ్లకు నలభై బస్సులు బరువేం కాదు.

మూడోది మా ఊరి సొంత గోడు. తలకు దెబ్బ తగిలినవాణ్ని ఇక్కడ కట్టు కట్టి హైదరాబాద్ పంపుతారు. ట్రాఫిక్ బాగుంటే గంట, లేకపోతే ఎంతో చెప్పలేం. ఈ రోడ్డు మీద ఇన్నేళ్లుగా టోల్ వసూలు చేసినవాళ్లు, చేస్తున్నవాళ్లు ఇక్కడే పంతంగిలో ఉన్నారు, తలకు స్కాన్ తీసే ఏర్పాటు మాత్రం రాత్రిపూట దగ్గర్లో దొరకదు. చౌటుప్పల్ ప్రభుత్వాసుపత్రిలో ఇరవై నాలుగు గంటలూ పనిచేసే ట్రామా విభాగం కావాలి. ఆరోగ్య శాఖ మీది కాదు, మీ మాట మాత్రం చెల్లుతుంది.

ఇక బ్లాక్‌స్పాట్ల దగ్గర పనులు జరుగుతున్నంతకాలం దారి మళ్లించే చోట రాత్రి మెరిసే బోర్డులు, దీపాలు పెట్టించండి. ఖాళీ డ్రమ్ములు, సిమెంటు దిమ్మెలు దగ్గరికొచ్చేదాకా కనిపించడం లేదు. ఇది సంక్రాంతి లోపలే చేయించగలిగితే మేలు. పెద్ద సినిమాలు విడుదలయ్యేదీ, పంతంగి టోల్ దగ్గర కిలోమీటర్ల కొద్దీ బండ్లు నిలిచేదీ ఆ నాలుగు రోజుల్లోనే.

ఇట్లు,
మీ పాత జిల్లావాడు,
చౌటుప్పల్